సప్తర్షులు, ధ్రువుడు, అరుంధతి కనిపించకపోతే: నల్లగొండ, పాలమూరు ఆకాశానికి సరిపోయే పరిష్కారాలు

మిద్దె ఎక్కి ఉత్తరం వైపు ఎంత వెతికినా సప్తర్షి మండలం దొరకలేదని మా ప్రాంతంలో చాలామంది అంటుంటారు. సాధారణంగా వారి చూపులో లోపమేమీ ఉండదు. వారు చదివిన సూచనలు మన అక్షాంశానికి రాసినవి కావు. నల్లగొండ, మహబూబ్‌నగర్ రెండూ దాదాపు 17 డిగ్రీల ఉత్తర అక్షాంశం మీద ఉన్నాయి. ఐరోపా, అమెరికా పాఠకుల కోసం రాసిన పుస్తకాలు 40, 50 డిగ్రీల నుంచి కనిపించే ఆకాశాన్ని వర్ణిస్తాయి. కింది సమస్యల్లో మొదటి మూడింటికీ మూలం ఎక్కువగా ఈ తేడాలోనే ఉంది.

సమస్య: ఉత్తరాన సప్తర్షులు అసలు లేరు

కారణం: ఈ మండలం ఏడాది పొడవునా కనిపిస్తుందన్న మాట మనకు వర్తించదు. ఏ ఊళ్లోనైనా ధ్రువ నక్షత్రం ఆ ఊరి అక్షాంశమంత ఎత్తులో ఉంటుంది కనుక, మన దగ్గర అది నేలకు 17 డిగ్రీల పైన నిలుస్తుంది. ధ్రువానికి 17 డిగ్రీల లోపు ఉన్న నక్షత్రాలు మాత్రమే ఇక్కడ అస్తమించకుండా తిరుగుతాయి. సప్తర్షులు ధ్రువానికి 28 నుంచి 41 డిగ్రీల దూరంలో ఉన్నారు కాబట్టి వారికి మన ఆకాశంలో ఉదయాస్తమయాలు తప్పవు. గ్రీకుల కథలో ఈ మండలం ఎలుగుబంటి రూపం పొందిన కల్లిస్టో అనే కన్య. దేవతల రాణి హీరా పగబట్టి ఆ ఎలుగుబంటికి సముద్ర స్నానం లేకుండా చేసిందని వారు చెప్పుకున్నారు. ఆ కాలంలో గ్రీసు నుంచి చూస్తే ఈ చుక్కలు నిజంగానే సముద్రంలో మునిగేవి కావు. నల్లగొండ నుంచి చూస్తే మునుగుతాయి.

పరిష్కారం: సమయం మార్చుకోవాలి. ఫిబ్రవరి చివర రాత్రి తొమ్మిది తర్వాత ఈశాన్యంలో వెతకండి. ఏప్రిల్ చివర, మే మొదట్లో రాత్రి తొమ్మిది గంటలకు మండలం నేరుగా ఉత్తరాన, నేలకూ నడినెత్తికీ సగానికి కాస్త పైన ఉంటుంది. కొత్తగా చూసేవారికి ఇంతకంటే మంచి కాలం లేదు. జులై, ఆగస్టు నెలల్లో మబ్బు విడిచిన సాయంత్రాలలో వాయవ్యానికి దిగుతుంది. సెప్టెంబరు నుంచి జనవరి దాకా సాయంత్రం పూట వెతకడం వృథా. నవంబరులో చూడాలంటే తెల్లవారుజామున ఐదు గంటలకు లేవాలి.

సమస్య: ఆకారం పుస్తకంలోని బొమ్మతో సరిపోవడం లేదు

పుస్తకాలు ఈ ఏడు చుక్కలను గరిటెగా గీస్తాయి; ఆ బొమ్మల్లో గరిటె నోరు పైకి ఉంటుంది. మండలం ధ్రువానికి దిగువన ఉన్నప్పుడు కనిపించే భంగిమ అది, ఆ సమయానికి మన దగ్గర అది నేల కింద ఉంటుంది. మే నెలలో మనకు గరిటె బోర్లా పడి, కాడ కుడివైపుకు, అంటే తూర్పుకు చాచి కనిపిస్తుంది. ఫిబ్రవరిలో గిన్నె పైకి లేచి కాడ కిందికి వేలాడుతుంది. బొమ్మను తలకిందులు చేసి పట్టుకుంటే చాలు. నాకైతే గరిటె కన్నా నులక మంచం తేలికగా అందుతుంది: నాలుగు చుక్కలు నాలుగు కోళ్లు, మిగిలిన మూడు ఆ మంచాన్ని లాగుతున్న తాడు. సరైన చుక్కలనే పట్టామా అన్న అనుమానం ఉంటే ఆ తాడు వంపును అలాగే పొడిగించండి. నారింజ రంగు స్వాతి నక్షత్రం తగులుతుంది, ఇంకా సాగితే చిత్త. ఈ రెండూ తగలకపోతే మీరు చూస్తున్నది వేరే చుక్కలని అర్థం.

సమస్య: ధ్రువ నక్షత్రం దొరకడం లేదు

ధ్రువుడు అందరికన్నా ప్రకాశవంతుడని నమ్మి, మెరిసే చుక్క కోసం పైపైన వెతకడమే ఇక్కడ పొరపాటు. సవతి తల్లి సురుచి మాటకు నొచ్చుకుని, నారదుని ఉపదేశంతో మధువనంలో తపస్సు చేసిన ఆ పిల్లవాడు విష్ణువు వల్ల పొందింది కదలని స్థానం. అందరినీ మించిన వెలుగు కావాలని అతడు కోరలేదు. ప్రకాశంలో ధ్రువ నక్షత్రం రెండో తరగతిది, సప్తర్షులలో పెద్ద చుక్కలకు సమానం.

మంచంలో కాడకు దూరంగా ఉన్న రెండు కోళ్లు పులహుడు, క్రతువు. పులహుని నుంచి క్రతువు మీదుగా గీత గీసి, వారి మధ్య దూరానికి ఐదు రెట్లు ముందుకు వెళ్లండి. మే నెలలో ఈ గీత కిందికి దిగుతుందని మరువకండి. చేయి చాచి పిడికిలి బిగిస్తే దాని వెడల్పు సుమారు 10 డిగ్రీలు. ధ్రువుడు నేలకు రెండు పిడికిళ్ల లోపే ఉంటాడు కాబట్టి పక్కింటి నీళ్ల ట్యాంకు కూడా ఆయనను దాచేయగలదు. ఫోన్‌లోని దిక్సూచిని నమ్మేవారు పిల్లర్ల మీద వదిలేసిన ఇనుప చువ్వలకు దూరంగా నిలబడాలి, అవి సూదిని పక్కకు తిప్పుతాయి.

సమస్య: ఏడుకు ఆరుగురే లెక్కకు వస్తున్నారు

మంచానికి తాడు కట్టిన కోడు దగ్గరి అత్రి మిగతావారికన్నా బాగా మసకగా ఉంటాడు. పైగా మన జిల్లాలకు హైదరాబాద్ ఉత్తరపు దిక్కున ఉంది. ఆ నగరపు వెలుగు నల్లగొండ వారికి వాయవ్యపు అంచునూ, పాలమూరు వారికి ఈశాన్యపు అంచునూ తెల్లబరుస్తుంది. ఒక వేసవి రాత్రి మా వీధిలో పిల్లలు ఆరు చుక్కలే ఉన్నాయని నాతో వాదిస్తుండగా కరెంటు పోయింది. కొద్దిసేపటికే వారిలో చిన్నది ఏడోదాన్ని వేలితో చూపించింది. కరెంటు పోయే దాకా ఆగనక్కరలేదు. వెన్నెల లేని రాత్రి ఊరి వెలుగును వెనక పెట్టుకుని, అరగంట సేపు ఫోన్ చూడకుండా కళ్లను చీకటికి అలవాటు చేయండి. దేవరకొండ దాటి వెళ్లినా, అచ్చంపేట నుంచి అమ్రాబాద్ నల్లమల వైపు వెళ్లినా తేడా వెంటనే తెలుస్తుంది.

సమస్య: ఋషుల పేర్లు ఒక్కో చోట ఒక్కో విధంగా ఉన్నాయి

వాడుకలో రెండు జాబితాలున్నాయి. కశ్యపుడు, విశ్వామిత్రుడు, గౌతముడు మొదలైనవారు ప్రస్తుత మన్వంతరపు సప్తర్షులు. చుక్కలకు పేర్లు పెట్టేటప్పుడు వరాహమిహిరుడు చెప్పిన క్రమాన్ని పాటించండి: కాడ చివర నుంచి మరీచి, వసిష్ఠుడు, అంగిరసుడు, అత్రి, పులస్త్యుడు, పులహుడు, క్రతువు.

సమస్య: వసిష్ఠుని పక్కన అరుంధతి కనిపించడం లేదు

పెళ్లిలో అయితే కారణం తేలికగా దొరుకుతుంది. మాఘమాసపు ముహూర్తాలలో పగటి పూట చూపించినా, పొద్దుగూకగానే చూపించినా ఆ దిక్కున చుక్క ఉండదు; అప్పుడు వసిష్ఠుడు ఉదయించేదే సుమారు రాత్రి ఎనిమిది, తొమ్మిది గంటలకు. ఆచారం ఆచారంగా జరిపించి, రాత్రి పదకొండు దాటాక వధూవరులను మిద్దె మీదికి తీసుకెళ్లి మళ్లీ చూపించండి. వైశాఖ, జ్యేష్ఠ మాసాల పెళ్లిళ్లలో చీకటి పడగానే చూపించవచ్చు.

సమయం సరైనదే అయినా కనిపించకపోతే కారణం వెలుగైనా కావాలి, కళ్లైనా కావాలి. వసిష్ఠునికీ అరుంధతికీ మధ్య దూరం చందమామ వెడల్పులో సగానికన్నా తక్కువ. అయినా ఆరోగ్యమైన కంటికి ఆ దూరం చాలు. స్థూలారుంధతీ న్యాయం చెప్పినట్టే ముందు పెద్ద చుక్కను పట్టుకుని, దాని పక్కకు చూపు జరపండి. కళ్లద్దాలు ఉన్నవారు తప్పక పెట్టుకోవాలి.

అరుంధతి కనిపించనివారికి ఆయువు తీరిందని ఒక శ్లోకం ప్రచారంలో ఉంది. ఆ మాట విన్న పెద్దవారు తమకు కనిపించలేదని పైకి చెప్పరు, లోపల దిగులు పడతారు. మా మేనత్త అలాగే రెండు వేసవులు మౌనంగా గడిపింది. మూడో ఏడు గట్టిగా అడిగితే, "ఒక్కటే కనవడతది బిడ్డా, అదిగూడ చెదిరినట్టు" అంది. చుక్క చెదిరినట్టు కనబడుతోందంటే అది శుక్లం కావచ్చని కంటి డాక్టరుకు చూపించాము, శుక్లమే. ఆపరేషన్ అయిన తర్వాతి వైశాఖంలో, నా చేతిలోని బైనాక్యులర్లు అందుకోకుండానే, ఇద్దరినీ విడివిడిగా చూసింది. మీ ఇంట్లో ఎవరికైనా అరుంధతి కనిపించకపోతే శ్లోకం సంగతి పక్కన పెట్టి ముందు కళ్లు చూపించండి.

ఆ రాత్రే ఆమె ఒక ప్రశ్న వేసింది: ఏడుగురు ఋషులు ఉంటే భార్య ఒక్కతే ఎందుకుంది? మహాభారతం వనపర్వంలో దీనికి జవాబు ఉంది. స్వాహాదేవి ఆరుగురు ఋషిపత్నుల రూపాలు ధరించి అగ్నిని చేరింది, అరుంధతి తపోబలం వల్ల ఆమె రూపాన్ని మాత్రం పొందలేకపోయింది; అనుమానంతో భర్తలు విడిచిన ఆ ఆరుగురూ కృత్తికలయ్యారు. శతపథ బ్రాహ్మణం ఇంకా ముందే ఈ ఎడబాటును చెప్పింది: సప్తర్షులను పూర్వం ఋక్షాలు, అంటే ఎలుగుబంట్లు, అనేవారనీ, వారు ఉత్తరాన ఉదయిస్తే వారి భార్యలైన కృత్తికలు తూర్పున ఉదయిస్తారనీ అందులో ఉంది. కార్తిక మాసపు సాయంత్రం తూర్పున కృత్తికలు పైకి వచ్చేటప్పటికి, మన దగ్గర సప్తర్షులు ఒక్కరు కూడా ఆకాశంలో ఉండరు. అది విని మా అత్త, "మరి ఆ ఆరుగురిని గూడ జూపియ్యవా" అంది. కార్తికంలో చూపిస్తానని మాట ఇచ్చాను.