ఫ్యూజన్ రాకెట్ వార్త కనిపిస్తే కాగితం మీద ఇలా లెక్క వేసి చూడండి

"కొన్ని వారాల్లోనే మార్స్‌కి చేర్చే ఫ్యూజన్ ఇంజిన్" అని అప్పుడప్పుడూ వార్త వస్తుంటుంది, బొమ్మ కూడా భలే ఉంటుంది. ఫ్యూజన్ అంటే తేలికపాటి పరమాణు కేంద్రకాలు కలిసిపోయి శక్తినివ్వడం. అందులో పస ఎంతో తేల్చడానికి ప్లాస్మా ఫిజిక్స్ చదవక్కర్లేదు. గుణకారాలు, భాగహారాలు వస్తే చాలు.

ముందు మూడు అంకెలు వెతకండి: థ్రస్ట్ (ఇంజిన్ నెట్టే బలం) ఎన్ని న్యూటన్లు, ఎగ్జాస్ట్ (ఇంజిన్ వెనక్కి చిమ్మే పదార్థం) వేగం ఎంత, ఓడ బరువు ఎంత. వేగం బదులు స్పెసిఫిక్ ఇంపల్స్ అని సెకన్లలో ఇస్తే దాన్ని 9.8తో గుణించండి, సెకనుకు ఎన్ని మీటర్లో వచ్చేస్తుంది. హైడ్రోజన్, ఆక్సిజన్ మండించే మంచి రాకెట్‌కి 450 సెకన్లు, అంటే సెకనుకు దాదాపు 4.4 కి.మీ. వేగం. నాసా పంపిన డాన్ అంతరిక్ష నౌకలోని అయాన్ ఇంజిన్‌కి 3100 సెకన్లు, అంటే సెకనుకు 30 కి.మీ.; కానీ దాని థ్రస్ట్ గరిష్ఠంగా 0.09 న్యూటన్లే, అరచేతిలో రెండు కాగితాలు పెట్టుకున్నంత బరువు. అసలు థ్రస్ట్ ఎంతో చెప్పని వార్తని నేనైతే అక్కడే వదిలేస్తాను.

ఇప్పుడు అసలు సూత్రం: ఎగ్జాస్ట్‌కి కావాల్సిన పవర్ = సగం × థ్రస్ట్ × ఎగ్జాస్ట్ వేగం. డాన్ మీద సరిచూసుకోండి, సగం × 0.09 × 30,000 = 1350 వాట్లు. ఆ ఇంజిన్ తీసుకునే కరెంటు రెండు కిలోవాట్లకు కాస్త పైన, కాబట్టి లెక్క అతుకుతోంది.

ఇదే సూత్రంతో మనమే ఒక ఊహాఓడ తయారు చేద్దాం. బరువు 100 టన్నులు, థ్రస్ట్ 1000 న్యూటన్లు, ఎగ్జాస్ట్ వేగం సెకనుకు 100 కి.మీ. పవర్ 50 మెగావాట్లు వస్తుంది. థ్రస్ట్‌ని వేగంతో భాగిస్తే సెకనుకు 10 గ్రాముల ప్రొపెల్లెంట్ (ఎగ్జాస్ట్‌గా వదలడానికి మోసుకెళ్లే పదార్థం), నెల రోజులు ఆపకుండా నడిపితే దాదాపు 26 టన్నులు. చివరికి వేగం ఎంత పెరుగుతుందో 1903లో సియోల్కోవ్‌స్కీ ప్రచురించిన సమీకరణం చెబుతుంది: ఎగ్జాస్ట్ వేగాన్ని, మొదటి బరువుకీ చివరి బరువుకీ ఉన్న నిష్పత్తి లాగరిథమ్‌తో గుణించాలి (క్యాలిక్యులేటర్లో ఎల్ఎన్ బటన్). 100ని 74తో భాగించి ఆ బటన్ నొక్కితే 0.3, అంటే సెకనుకు 30 కి.మీ. నెలలో అంత వేగం అంటే మాటలు కాదు.

చాలామంది బోల్తా పడేది దీని తర్వాతే. డ్యుటీరియం, ట్రిటియం (రెండూ హైడ్రోజన్‌లో బరువైన రకాలు) కలిస్తే పుట్టే హీలియం కేంద్రకం సెకనుకు దాదాపు 13,000 కి.మీ. వేగంతో దూసుకుపోతుంది కదా, అదే ఎగ్జాస్ట్‌గా వదిలేస్తే ఇంకెంత బాగుంటుందో అనిపిస్తుంది. లెక్క వేయండి. అదే 50 మెగావాట్లకి థ్రస్ట్ 7.7 న్యూటన్లకు పడిపోతుంది, మన 100 టన్నుల ఓడ ఆ 30 కి.మీ. వేగం అందుకోవడానికి పన్నెండేళ్లు పడుతుంది! ప్రొపెల్లెంట్ మాత్రం దాదాపు ఖర్చే కాదు, అది వేరే సంగతి. పవర్ ఇంతే అని బిగిసిపోయాక వేగం పెంచితే థ్రస్ట్ తగ్గాల్సిందే. అందుకే సరిగ్గా ఆలోచించినవాళ్లు ఆ వేడి ప్లాస్మాలో (విద్యుదావేశం ఉన్న వాయువులో) చల్లటి హైడ్రోజన్ కలిపి, కావాలనే వేగం తగ్గించి థ్రస్ట్ పెంచుకుంటారు. వార్తలో ఎగ్జాస్ట్ వేగం గురించి గొప్పలు తప్ప ఇంకేమీ లేకపోతే అనుమానించండి.

తర్వాత ఇంధనం ఏమిటో చూడండి. డ్యుటీరియం-ట్రిటియం అయితే ఒక్కో చర్యలో వచ్చే 17.6 మెగా ఎలక్ట్రాన్ వోల్టుల శక్తిలో 14.1 న్యూట్రాన్ పట్టుకుపోతుంది. న్యూట్రాన్‌కి విద్యుదావేశం లేదు, ఎగ్జాస్ట్‌ని వెనక్కి మళ్లించే అయస్కాంత నాజిల్ మాట వినదు. మన 50 మెగావాట్ల ఎగ్జాస్ట్ నేరుగా హీలియం నుంచే రావాలంటే 250 మెగావాట్ల ఫ్యూజన్ కావాలి, మిగతా 200 న్యూట్రాన్లే. కొన్ని శూన్యంలోకి పోతాయి, కొన్ని ఓడని వేడెక్కిస్తాయి, సిబ్బందికీ ముప్పే. ట్రిటియం బదులు హీలియం-3 (హీలియంలో తేలిక రకం) వాడతాం అంటే న్యూట్రాన్లు బాగా తగ్గుతాయి (పూర్తిగా పోవు, డ్యుటీరియం తనలో తాను కలిసినా న్యూట్రాన్లు వస్తాయి), కాకపోతే ఇంకా ఎక్కువ ఉష్ణోగ్రత కావాలి, పైగా ఆ హీలియం-3 భూమ్మీద చాలా అరుదు. 1970లలో బ్రిటిష్ ఇంటర్‌ప్లానెటరీ సొసైటీ వేసిన డీడలస్ ప్లాన్‌లో దాన్ని బృహస్పతి వాతావరణం నుంచి తవ్వుకురావాలని రాసుకున్నారు మరి.

వేడి సంగతి. శూన్యంలో గాలి లేదు, ఉన్న దారల్లా రేడియేటర్ నుంచి కాంతి రూపంలో వదిలేయడమే. 50 మెగావాట్ల వృథా వేడి ఉందనుకోండి. 1000 కెల్విన్ దగ్గర రెండు వైపులా ప్రసరించే రేడియేటర్ అయితే, అన్నీ కలిసొస్తే, 440 చదరపు మీటర్లు. ఉష్ణోగ్రత సగానికి, అంటే 500 కెల్విన్‌కి దించితే 16 రెట్లు, దాదాపు ఫుట్‌బాల్ మైదానమంత! బొమ్మలో రేడియేటర్లు కనబడకపోతే ఆ బొమ్మ వేసినవాళ్లు ఈ లెక్క చేయలేదన్నమాట.

"ఇచ్చినదానికన్నా ఎక్కువ శక్తి వచ్చింది" అనే మాట కనబడితే, ఇచ్చింది అంటే ఎక్కడ కొలిచారో చూడండి. 2022 డిసెంబర్‌లో అమెరికాలోని నేషనల్ ఇగ్నిషన్ ఫెసిలిటీలో 2.05 మెగాజౌళ్ల లేజర్ కాంతికి 3.15 మెగాజౌళ్లు వచ్చాయి. నిజంగా పెద్ద విజయమే, కానీ ఆ లేజర్లు కరెంటు లైన్ నుంచి తీసుకున్నది దాదాపు 300 మెగాజౌళ్లు. ఓడలో ఆ కరెంటు కూడా ఇంజినే పుట్టించుకోవాలి.

చివరగా బరువు. మన ఓడలో 26 టన్నులు ప్రొపెల్లెంట్‌కి పోయింది. ఇంజిన్, షీల్డ్, రేడియేటర్లు అన్నీ కలిపి 40 టన్నుల్లో సరిపెట్టాలనుకుంటే కిలోకి 1250 వాట్ల ఎగ్జాస్ట్ పవర్ రావాలి. ఫ్రాన్స్‌లో కడుతున్న ఈటర్ టోకమాక్ (ప్లాస్మాని అయస్కాంతాలతో పట్టి ఉంచే ఫ్యూజన్ రియాక్టర్) బరువు 23,000 టన్నులు, లక్ష్యం 500 మెగావాట్ల ఫ్యూజన్, అంటే కిలోకి 22 వాట్లు కూడా కాదు. దాన్ని ఎగిరేలా కట్టలేదు కాబట్టి పోలిక కాస్త అన్యాయమే, ఒప్పుకుంటాను. అయినా మీ చేతిలో ఉన్న వార్త ఆ 50 రెట్లకు పైగా తేడాని ఎలా పూడుస్తామంటోందో వెతకండి: మాగ్నెట్లు తేలిక చేస్తారా, పల్స్‌లుగా పేలుస్తారా, న్యూట్రాన్లని బయటికి వదిలేస్తారా? దానికి అంకెలతో జవాబు ఉంటే ఆ వార్త పూర్తిగా చదవండి.