యాప్‌లో ‘క్లోజ్డ్’, కిటికీలో పొగ

బెంగళూరు మారతహళ్లి చుట్టుపక్కల మనవాళ్లుండే అపార్ట్‌మెంట్లలో ఎవరినడిగినా ఇదే గోడు. పక్క ఖాళీ సైటులో తెల్లవారుజామున చెత్త తగలబెడతారు, ఆరేసిన బట్టల మీద నల్లటి నుసి. మేం రెండు నెలల్లో ఏడుసార్లు నగరపాలక సంస్థ యాప్‌లో ఫిర్యాదు చేశాం. ఏడూ క్లోజ్ అయ్యాయి. పొగ మాత్రం అలాగే ఉంది.

సమస్య: ఫిర్యాదు క్లోజ్ అయింది, పని జరగలేదు

కారణం: యాప్‌లో వేస్తే మన చేతిలో మిగిలేది ఒక నంబరే. దాన్ని మూసేయడానికి ఒక్క నొక్కు చాలు.

పరిష్కారం: కాగితం మీద అర్జీ. స్థలం, తేదీలు, టైములు, ఫోటోలు, పాత ఫిర్యాదు నంబర్లు, ఏం చేయాలో ఒక్క వాక్యం. రెండు ప్రతులు ఆఫీసుకు తీసుకెళ్లి ఒకటి ఇచ్చి, రెండోదాని మీద తేదీతో ముద్ర వేయించుకోవాలి. "ఇదంతా ఎందుకు సార్, యాప్‌లో వేసుకోండి" అన్నాడు గుమాస్తా, తెలుగులోనే. కదలకుండా నిలబడితే చివరికి ముద్ర పడింది. వేయనంటే స్పీడ్ పోస్టులో పంపి రసీదు దాచుకోండి. అర్జీ కన్నడంలో రాయిస్తే మేలు. లిపి మనకు సగం వచ్చినట్టే కదా, సంతకం పెట్టేముందు కూడబలుక్కుని చదువుకోవచ్చు.

సమస్య: "మా పరిధి కాదు"

ఒక్కోసారి నిజమే, తప్పు గుమ్మం ఎక్కి ఉంటాం. 2025లో నగరమంతటికీ ఒకటే పాలక సంస్థగా ఉన్న బీబీఎంపీ పోయి, గ్రేటర్ బెంగళూరు అథారిటీ కింద ఐదు కార్పొరేషన్లు వచ్చాయి. చెత్తకు కార్పొరేషన్, మురుగునీటికి జలమండలి, ఫ్యాక్టరీ పొగకు కాలుష్య నియంత్రణ మండలి, రాత్రి పది దాటాక మోగే లౌడ్‌స్పీకర్‌కు పోలీసులు. ఎవరిదో తేలకపోతే ఒకే అర్జీ అందరికీ పంపి, కింద ఎవరెవరికి ప్రతులు వెళ్లాయో రాయండి.

సమస్య: ముద్ర ఉంది, నెల దాటింది, ఉలుకూ పలుకూ లేదు

సమాచార హక్కు అర్జీ వేయండి. ఫీజు 10 రూపాయలు, జవాబుకు గడువు 30 రోజులు. కర్ణాటకలో ఒక్క విషయం మీదే, 150 పదాల్లోపు ఉండాలి. "ఎందుకు చేయలేదు" అని అడగొద్దు, దానికి జవాబు రాదు. "ఫలానా తేదీ నా అర్జీ మీద ఏం చర్య తీసుకున్నారు, ఫైలు నకలు ఇవ్వండి" అనాలి. ఇక్కడి నుంచి మన ఫిర్యాదు పొగ మీద కాదు, పట్టించుకోని ఆఫీసు మీద.

సమస్య: "చర్య తీసుకుంటున్నాం" అంటారు, లేదా "నిధుల్లేవు" అంటారు

జిల్లా మేజిస్ట్రేట్‌కో సబ్ డివిజినల్ మేజిస్ట్రేట్‌కో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత 152వ సెక్షన్ కింద అర్జీ పెట్టొచ్చు. పాత సీఆర్‌పీసీలో ఇది 133. నలుగురికీ ఇబ్బందిగా ఉన్నదాన్ని తొలగించమని వాళ్లు ఆదేశించగలరు. రత్లాం మున్సిపాలిటీ కేసులో 1980లోనే సుప్రీంకోర్టు డబ్బుల్లేవన్న సాకు చెల్లదని తేల్చింది. నన్నడిగితే సామాన్యుడికి అన్నిటికన్నా అందుబాటులో ఉన్న దారి ఇదే, వాడేవాళ్లే తక్కువ.

తర్వాతది పర్యావరణ కేసులు చూసే జాతీయ హరిత ట్రిబ్యునల్. మనకు వర్తించే దక్షిణ బెంచి చెన్నైలో ఉంది, ఆన్‌లైన్లో ఫైల్ చేయొచ్చు. పరిహారం అడగకపోతే ఫీజు 1,000 రూపాయలు. బహిరంగంగా చెత్త కాలిస్తే 5,000, పెద్ద ఎత్తున కాలిస్తే 25,000 రూపాయలు కట్టించాలని 2016 డిసెంబరులో ఆదేశించింది ఈ ట్రిబ్యునలే. చాలామంది జారిపడేది గడువు దగ్గర. సమస్య మొదటిసారి తలెత్తిన రోజు నుంచి ఆరు నెలలు, తగిన కారణం చూపిస్తే ఇంకో 60 రోజులు. అధికారుల జవాబు కోసం చూస్తూ కూర్చుంటే ఆ లెక్క ఆగదు. పరిహారానికైతే ఐదేళ్లు.

హైకోర్టులో రిట్, అంటే అధికారులు తమ పని చేసేలా ఆదేశించమని కోరే పిటిషన్, వేయాలంటే ముందు మనం అడిగినట్టు, వాళ్లు చేయనట్టు చూపించాలి. ఆ ముద్రపడ్డ నకలు పనికొచ్చేది అక్కడే. "అర్జీని పరిశీలించండి" అన్న ఉత్తర్వుతో సరిపెట్టుకుంటే కథ మళ్లీ గుమాస్తా బల్ల దగ్గరికే వస్తుంది. ఏ పని, ఎన్ని రోజుల్లో అన్నది పిటిషన్‌లోనే విడిగా కోరమని లాయరుకు చెప్పండి. లాయరు ఖర్చు భయమైతే జిల్లా న్యాయసేవల సంస్థకు వెళ్లండి. మహిళలకూ, ఎస్సీ ఎస్టీలకూ ఆదాయంతో పని లేకుండా ఉచితంగా లాయరును ఇస్తారు. మా అర్జీ మీద మొదటి సంతకం మూడో అంతస్తు రమణమ్మత్తయ్యతో పెట్టించింది అందుకే.