అనులోమానుపాతమో కాదో తేల్చడం ఎలా?

ఒకటి పెరిగితే రెండోదీ పెరుగుతోంది కదా, అనులోమానుపాతమే అనేస్తారు చాలామంది. తప్పు ఎక్కువగా అక్కడే జరుగుతుంది. చూడాల్సింది పెరుగుదలను కాదు, నిష్పత్తిని. రెండింటి నిష్పత్తి ఎప్పుడూ మారకుండా ఉంటేనే అది అనులోమానుపాతం.

కనీసం మూడు జతల విలువలు పట్టికగా రాయండి. ప్రతి జతలో రెండో విలువను (y) మొదటి విలువతో (x) భాగించండి. బియ్యం 5 కిలోలు రూ.260, 10 కిలోలు రూ.520, 25 కిలోలు రూ.1300 అనుకుందాం. ప్రతిసారీ 52 వస్తోంది. కాబట్టి అనులోమానుపాతమే; y = 52x. 25 కిలోల బస్తాపై తగ్గింపు ఇచ్చి రూ.1250 తీసుకుంటే అక్కడ 50 వస్తుంది, సంబంధం తెగిపోతుంది.

ఇప్పుడు ఆటో చార్జీ. మొదటి 2 కిలోమీటర్లకు రూ.40, ఆపైన కిలోమీటరుకు రూ.15 అనుకోండి. 2కి 40, 4కి 70, 6కి 100. ప్రతి 2 కిలోమీటర్లకూ సరిగ్గా 30 పెరుగుతోంది, చూడ్డానికి ముచ్చటగానే ఉంది. కానీ భాగిస్తే 20, 17.5, సుమారు 16.7. అనుపాతం కాదు. కనీస చార్జీయే దాన్ని చెడగొట్టింది. గ్రాఫు గీస్తే ఈ మూడు బిందువులూ ఒకే సరళరేఖ మీద ఉంటాయి, అయితే ఆ రేఖను వెనక్కి పొడిగిస్తే మూలబిందువు (రెండు విలువలూ సున్నా అయ్యే చోటు) గుండా పోదు. రేఖ తిన్నగా ఉండటం ఒక్కటే చాలదు.

ప్రయోగశాల కొలతల్లో నిష్పత్తులు అచ్చంగా ఒకటే రావు. స్ప్రింగుకు 100, 200, 300 గ్రాములు వేలాడదీస్తే సాగుదల 2.1, 4.0, 6.1 సెం.మీ. వచ్చిందనుకోండి, 100 గ్రాములకు 2.1, 2.0, 2.03. స్కేలు చదవడంలో ఆమాత్రం తేడా సహజమే. స్ప్రింగు మొత్తం పొడవును భాగిస్తే మాత్రం లెక్క కుదరదు, సాగినంత మేరకే తీసుకోవాలి.

భాగించే ముందు ప్రమాణాలు చూసుకోండి: ఒక వరుసలో గ్రాములు, ఇంకో వరుసలో కిలోలు ఉంటే నిష్పత్తి వెయ్యి రెట్లు తేడా చూపిస్తుంది.