ఓపెన్ ఫీమర్ ఫ్రాక్చర్ ఫాలో-అప్ కోడింగ్: సెవెంత్ క్యారెక్టర్ ఎక్కడ తప్పుతోంది?

అమెరికా పేషెంట్ల చార్టులకు ఐసీడీ-10-సీఎం రోగ కోడ్‌లు ఇచ్చే పని మాది. ఆడిట్ నుంచి చార్టు వెనక్కి వస్తుంది. కోడర్ ఇచ్చింది ఎస్72.351డి, ఆడిటర్ దిద్దింది ఎస్72.351ఎఫ్. తొడ ఎముక (ఫీమర్) షాఫ్ట్, అంటే మధ్య భాగం అని సరిగ్గానే పట్టుకున్నారు, కుడివైపు అనీ కమిన్యూటెడ్ (ముక్కలుగా విరిగింది) అనీ పట్టుకున్నారు. చివరి అక్షరం, అంటే సెవెంత్ క్యారెక్టర్ దగ్గర పోయింది. అమీర్‌పేటలో ట్రైనింగ్ అయ్యి, సీపీసీ (మెడికల్ కోడింగ్ సర్టిఫికేషన్) పాసై, మాదాపూర్‌లో ఆర్థో చార్టుల మీద కూర్చున్న పిల్లలు నా దగ్గరికి తెచ్చే తప్పుల్లో నేను ఎక్కువగా చూసేది ఇదే. "అక్కా, నోట్‌లో ఓపెన్ అని ఎక్కడా లేదు కదా" అంటారు. "మొదటి ఆపరేషన్ నోట్ తెరిచావా?" అని అడుగుతాను. తెరిచి ఉండరు.

టేబుల్ మీకు తెలిసిందే. ఫాలో-అప్‌లో ఎముక మామూలుగా అతుక్కుంటుంటే క్లోజ్డ్‌కి (చర్మం చీలని ఫ్రాక్చర్) డి, ఓపెన్ (చర్మం చీలినది) టైప్ 1, 2లకు ఇ, టైప్ 3ఎ, 3బి, 3సిలకు ఎఫ్. ఈ టైప్‌లు గస్టిలో అనే గాయం తీవ్రత వర్గీకరణవి. ఆలస్యమవుతుంటే (డిలేడ్) అదే వరసలో జి, హెచ్, జె. అతుక్కోకపోతే (నాన్‌యూనియన్) కె, ఎం, ఎన్. వంకరగా అతుక్కుంటే (మాల్‌యూనియన్) పి, క్యూ, ఆర్. టేబుల్ రాక తప్పు చేసేవాళ్లు తక్కువ.

నోట్‌లో ఉన్న "క్లోజ్డ్" ఎముకది కాదు

ఆరో వారం విజిట్ నోట్ సాధారణంగా ఇలా ఉంటుంది: "స్టేటస్ పోస్ట్ క్లోజ్డ్ నెయిలింగ్, కుడి ఫీమర్ షాఫ్ట్ ఫ్రాక్చర్. గాయం పూర్తిగా మానింది. ఎక్స్-రేలో క్యాలస్ (అతుకు దగ్గర ఏర్పడే కొత్త ఎముక) కనిపిస్తోంది. వాకర్‌తో నడుస్తున్నారు." ఇందులో ఓపెన్ అన్న మాట లేదు, క్లోజ్డ్ అన్న మాట ఉంది. చేతులు వాటంతటవే డి కొట్టేస్తాయి.

కానీ ఆ క్లోజ్డ్ ఆపరేషన్ గురించిన మాట. విరిగిన చోట కోయకుండా, ఎముక చివరి నుంచి రాడ్ దింపారని దాని అర్థం. అదే పేషెంట్ మొదటి ఆపరేషన్ నోట్ తెరిస్తే "గస్టిలో టైప్ 3ఎ, తొడ బయటివైపు 12 సెంటీమీటర్ల గాయం, డిబ్రైడ్‌మెంట్ (గాయం శుభ్రం చేసి పాడైన కణజాలం తీసేయడం) చేశాం" అని ఉంటుంది. ఎముక చర్మం చీల్చుకుని బయటికి వచ్చిన ఫ్రాక్చర్ అది. చర్మం మానిపోయినంత మాత్రాన కోడింగ్‌లో అది క్లోజ్డ్ అయిపోదు. చివరి ఫాలో-అప్ దాకా ఓపెన్‌గానే నడుస్తుంది.

తిరగేసి కూడా ఇదే మోసం జరుగుతుంది. ఓఆర్ఐఎఫ్ (ఓపెన్ రిడక్షన్, ఇంటర్నల్ ఫిక్సేషన్) అని చూడగానే కొందరు ఇ పెట్టేస్తారు. ఓపెన్ రిడక్షన్ అంటే డాక్టర్ కోసి ఎముకను సర్దారని. ఫ్రాక్చర్ క్లోజ్డే అయి ఉండొచ్చు.

నేను దీనికి బాగానే దెబ్బతిన్నాను. కొత్తలో ఒక పేషెంట్ విజిట్‌లన్నిటికీ, ముందు విజిట్‌కి ఎవరో ఇచ్చిన డిని చూసి అదే కాపీ చేస్తూ పోయాను. ఆసుపత్రి మొదటి క్లెయిమ్‌లో సి, అంటే టైప్ 3 ఓపెన్‌కి ఇనిషియల్ అక్షరం వెళ్లింది. అంటే పేయర్ (బిల్లు చెల్లించే ఇన్సూరెన్స్) రికార్డులో టైప్ 3 ఓపెన్‌గా మొదలైన ఎముక, నా చేతిలో పడ్డాక క్లోజ్డ్ అయిపోయింది. ఆ చార్టులన్నీ మళ్లీ తెరిచి దిద్దిన రాత్రి షిఫ్టు నాకిప్పటికీ గుర్తే. అప్పటినుంచి ముందు విజిట్ కోడ్‌ను నేను సాక్ష్యంగా తీసుకోను. సాక్ష్యం డాక్టర్ రాసిన నోటే.

"ఓపెనా క్లోజ్డా రాయకపోతే క్లోజ్డ్‌గా కోడ్ చేయాలని గైడ్‌లైనే ఉంది కదా" అంటారు. ఉంది. కానీ ఆపరేషన్ నోట్‌లో గస్టిలో టైప్ కళ్లముందే ఉండగా దాన్ని తెరవకుండా ఆ రూల్ చాటుకి వెళ్లడం తప్పు.

అయితే పాత నోట్‌లోంచి తీసి నేరుగా కోడ్ చేసేయమనీ నేను అనను. ఈ రోజు విజిట్ కోడ్‌కి ఈ రోజు నోట్ ఆధారం కావాలి. క్లయింట్ గైడ్‌లైన్ ఆపరేషన్ నోట్ వాడుకోనిస్తే వాడండి, లేదంటే క్వెరీ పెట్టండి, అంటే డాక్టర్‌నే రాసి అడగండి. క్వెరీలో జవాబు మీరే చెప్పేయకండి. "ఈ విజిట్ నోట్‌లో ఫ్రాక్చర్ ఓపెనో క్లోజ్డో లేదు. ఫలానా తేదీ ఆపరేషన్ నోట్‌లో గస్టిలో 3ఎ అని ఉంది. ప్రస్తుత ఫ్రాక్చర్ రకాన్ని దయచేసి స్పష్టం చేయండి" అంటే చాలు. ఓపెన్ అని ఉండి టైప్ ఎక్కడా లేకపోతే గైడ్‌లైన్ ప్రకారం టైప్ 1, 2ల అక్షరమే, అంటే ఇ. గాయం ఎన్ని సెంటీమీటర్లో చూసి టైప్‌ను మీరు నిర్ణయించకండి, అది డాక్టర్ పని.

ఫాలో-అప్ విజిట్‌కి బి, సి పడితే

బి, సి ఓపెన్ ఫ్రాక్చర్‌కి ఇనిషియల్ అక్షరాలు: టైప్ 1, 2లకు బి, టైప్ 3కి సి. కొత్త డాక్టర్ దగ్గర మొదటి విజిట్ కాబట్టి ఇనిషియల్ అనుకోవడమే కారణం. పేషెంట్ ఎన్నోసారి వచ్చారన్నది లెక్కలోకి రాదు, యాక్టివ్ ట్రీట్‌మెంట్ నడుస్తోందా లేదా అన్నదే లెక్క. రెండోసారి డిబ్రైడ్‌మెంట్‌కో ఫ్లాప్‌కో (గాయం మీద కణజాలం కప్పడం) ఓటీకి తీసుకెళ్తే అది ఇంకా యాక్టివే, బి లేదా సి. ఎక్స్-రే తీసి, ఎముక అతుకుతోందా చూసి పంపిస్తే సబ్‌సీక్వెంట్, అంటే ఫాలో-అప్ అక్షరం.

నాన్‌యూనియన్ ఆపరేషన్‌కి క్లెయిమ్ తిరిగొస్తే

ఆపరేషన్ జరిగింది కదా అని సి పెడతారు. నాన్‌యూనియన్, మాల్‌యూనియన్ ట్రీట్‌మెంట్‌కి సబ్‌సీక్వెంట్ అక్షరాలే, కాబట్టి టైప్ 3 అయితే ఎన్. మొదటినుంచీ వైద్యమే చేయించుకోకుండా ఆలస్యంగా వచ్చిన పేషెంట్ మాత్రం వేరు, వాళ్లకు ఇనిషియల్ అక్షరమే. ఇంకొకటి, ఎక్స్-రే రిపోర్టులో "బ్రిడ్జింగ్ క్యాలస్ లేదు" అని చూసి నెలలు లెక్కపెట్టి డిలేడ్ అనో నాన్‌యూనియన్ అనో మీరు తేల్చకండి. ఆ మాట డాక్టర్ రాయాలి, లేకపోతే క్వెరీ.

జెడ్47 ఆఫ్టర్‌కేర్ కోడ్ ఎందుకు రిజెక్ట్ అయిందని అడుగుతుంటారు. దెబ్బవల్ల వచ్చిన ఫ్రాక్చర్ ఆఫ్టర్‌కేర్‌కి జెడ్ కోడ్ వాడకూడదు, సెవెంత్ క్యారెక్టరే ఆ పని చేస్తుంది. ఎక్స్‌టర్నల్ కాజ్ (దెబ్బ ఎలా తగిలిందో చెప్పే) కోడ్‌కి ఎఫ్ తగిలిస్తే ఇన్‌వాలిడ్ అవుతుంది. నిచ్చెన మీంచి పడితే ఫాలో-అప్‌లో డబ్ల్యూ11.ఎక్స్ఎక్స్ఎక్స్‌డి, అక్కడ ఇ, ఎఫ్‌లు లేవు. రాడ్ చుట్టూ ఇన్ఫెక్షన్‌కి వైద్యం చేస్తుంటే టి84.620ఎ, ఫ్రాక్చర్ పాతదైనా ఇన్ఫెక్షన్‌కి అది యాక్టివ్ ట్రీట్‌మెంటే. సబ్‌ట్రోకాంటెరిక్ (తొడ ఎముక పైభాగంలో) ఫ్రాక్చర్‌కి ఖాళీ స్థానాన్ని నింపే ఎక్స్ మరిచిపోవద్దు: ఎస్72.21ఎక్స్ఎఫ్.

ఆస్టియోపోరోసిస్ ఉన్నవాళ్లు చిన్నగా జారిపడి విరిగితే ఎం80కి వెళ్తుంది. పిల్లల గ్రోత్ ప్లేట్ ఫ్రాక్చర్ ఎస్79లో ఉంటుంది, దానికి ఓపెన్ అక్షరాలే లేవు. ఇవి మీకు అరుదుగా తగులుతాయి, తగిలినప్పుడు ట్యాబ్యులర్ లిస్ట్ (కోడ్‌ల పూర్తి జాబితా) తెరిచి చూసుకుంటే సరిపోతుంది.