ఒక్కరే కలుపు తీయాలంటే రెండు పదునులు చూసుకోండి

పదిమంది కలిసి తీస్తే కబుర్లలో పొద్దు తెలియదు. ఒక్కరే దిగితే నడుం నొప్పి కంటే ముందు విసుగొస్తుంది. అందుకని చేను మొత్తం వైపు చూడకండి. సాలులో పది బారల దూరాన ఒక పుల్ల గుచ్చండి. ప్రస్తుతానికి మీ పొలం అంతవరకే.

మొదట నేల పదును చూడాలి. పిడికెడు మట్టి నొక్కితే ముద్దకట్టాలి, వేలితో పొడిస్తే విడిపోవాలి. బురదలో దిగితే అడుగుల కింద నేల గట్టిపడుతుంది. ఎండి బిగిసిన నేలలో మొక్క తెగుతుంది, వేరు రాదు. చాలా మెట్ట పైర్లకు విత్తిన 15–20 రోజులకు మొదటిసారి, ఇంకో 20 రోజులకు రెండోసారి తీయాలి.

రెండోది తొలిక పదును. తొలిక అంటే చేత్తో కలుపు తీసే చిన్న ఇనుప పనిముట్టు. నేలకూ ఇనుముకూ ఒకే మాట వాడినవాళ్లు కలుపు తీసినవాళ్లే అయ్యుంటారని నా అనుమానం!

వంగి నిలబడొద్దు. ఒక మోకాలు నేలకు ఆనించి కూర్చోండి, కాసేపటికోసారి మోకాలు మార్చండి. తొలిక మొనను కలుపు మొదలు పక్కన దించి మట్టిని కొద్దిగా లేపి, రెండో చేత్తో మొక్కను లాగండి. పైరు మొదట్లో మాత్రం తొలిక పెట్టొద్దు. పైరును ఒక చేత్తో అదిమిపట్టి కలుపును వేళ్లతోనే తీయాలి.

ఇక్కడినుంచి ఏ కలుపు తీరు దానిదే. తుంగను లాగితే ఆకు చేతికొస్తుంది, గడ్డ లోపలే ఉండి మళ్లీ మొలుస్తుంది. తవ్వి గడ్డతో సహా తీయాలి. గరికను ముక్కలు చేశారా, కణుపున్న ప్రతి ముక్కా ఇంకో గరికే. గంగవాయిలిని పీకి తడినేల మీద వదిలితే తిరిగి వేరు పట్టేస్తుంది, అందుకే చేను బయటికి మోయక తప్పదు. వయ్యారిభామను పూత రాకముందే తీసేయాలి, అదీ చేతులకు తొడుగులతోనే, దాని వల్ల ఒళ్లు దద్దుర్లెక్కుతుంది. గింజ పట్టని మామూలు కలుపైతే వేళ్లు పైకుండేలా సాలులోనే పడేస్తే ఎండకు మాడిపోతుంది.

పుల్ల దగ్గరికి చేరాక లేచి, నీళ్లు తాగి, వచ్చిన సాలులోనే వెనక్కి నడవండి. పైరు ఆకుల చాటున దాక్కున్నవి అటునుంచి చూస్తేనే కనిపిస్తాయి. వాటినీ తీసేసి, తొలికకు అంటిన మట్టి గీకి, పుల్లను ఇంకో పది బారలు ముందుకు గుచ్చండి.