రీసెట్ చేశాక ఫోన్ పాత జీమెయిల్ అడుగుతుంటే

ఆమదాలవలస నుంచి మా పిన్ని పోయిన వారం ఫోన్ పట్టుకుని శ్రీకాకుళం వచ్చింది. ప్యాటర్న్ మర్చిపోతే, పక్కింటి కుర్రాడు పవర్ బటన్, వాల్యూమ్ బటన్ కలిపి నొక్కి రీసెట్ కొట్టేశాడట. ఇప్పుడు ఆన్ చేస్తే ఇంతకుముందు ఇందులో ఉన్న గూగుల్ అకౌంట్‌తో లాగిన్ అవ్వమంటోంది, ఆవిడకేమో తనకు జీమెయిల్ ఉందన్న సంగతే తెలీదు. ఒక షాపులో ఎనిమిది వందలిస్తే సాఫ్ట్‌వేర్‌తో తీసేస్తామన్నారట. ఆగమన్నాను.

ఈ తాళాన్ని ఎఫ్‌ఆర్‌పీ, అంటే ఫ్యాక్టరీ రీసెట్ ప్రొటెక్షన్ అంటారు. 2015లో ఆండ్రాయిడ్ 5.1తో వచ్చింది. ఫోన్ ఎత్తుకుపోయినవాడు బటన్లు నొక్కి రీసెట్ చేసినా వాడుకోలేకుండా పెట్టారు. సెట్టింగ్స్‌లోంచి రీసెట్ చేస్తే మామూలుగా ఇది పడదు, బటన్లతో చేస్తే పడుతుంది.

ముందు ఆ స్క్రీన్‌ని నిదానంగా చదవండి. చాలా ఫోన్లలో జీమెయిల్ బదులు పాత పిన్ గానీ ప్యాటర్న్ గానీ ఇచ్చినా సరిపోతుంది. రీసెట్ అయిన టెన్షన్‌లో ఇది ఎవరూ చూడరు, నాలుగైదు రోజులు పోయాక ఆ ప్యాటర్న్ గుర్తొచ్చినవాళ్లు కూడా ఉన్నారు.

అది కుదరకపోతే జీమెయిల్ వెతకాలి. మన దగ్గర పెద్దవాళ్ల ఫోన్లలో జీమెయిల్ ఎక్కువగా షాపు కుర్రాడో, విశాఖలోనో చెన్నైలోనో పనిచేసే కొడుకో పెట్టి ఉంటారు, కాబట్టి ముందు వాళ్లకి ఫోన్ చేసి అడగండి. తర్వాత ఆ సిమ్‌ని ఇంకో ఫోన్‌లో వేసి, గూగుల్ లాగిన్ పేజీలో ఈమెయిల్ మర్చిపోయాను అనే చోట నొక్కి, ఫోన్ నంబరు, అకౌంట్‌లో పెట్టిన పేరు ఇస్తే ఓటీపీ వస్తుంది, ఆ నంబరు మీదున్న అకౌంట్లు కనిపిస్తాయి. పేరు దగ్గరే చాలామంది ఆగిపోతారు, ఇంటిపేరుతో ఒకసారి, లేకుండా ఒకసారి, ఇంగ్లీషు స్పెల్లింగ్ మార్చి ఒకసారి చూడండి. మా పిన్నిది మూడోసారికి దొరికింది. పాస్‌వర్డ్ కొత్తగా మార్చాల్సి వస్తే మాత్రం 24 గంటలు ఆ ఫోన్‌ని ముట్టుకోకండి, వెంటనే లాగిన్ అవ్వాలని చూస్తే తీసుకోకపోవచ్చు.

ఇంత తిప్పలెందుకు, సాఫ్ట్‌వేర్‌తో తీసేయొచ్చుగా అంటారు. రీసెట్‌తో ఫోన్‌లో ఉన్నదంతా పోయింది, ఏ టూల్ వాడినా చేతికొచ్చేది ఖాళీ ఫోనే. అకౌంట్ దొరికితే కాంటాక్టులు, బ్యాకప్ ఆన్‌లో ఉంటే ఫొటోలు, వాట్సాప్ చాట్లు కూడా తిరిగొస్తాయి. మా పిన్నికి చనిపోయిన బాబాయి ఫొటోలు అలాగే వచ్చాయి.

టూల్స్ ఏం చేస్తాయో కూడా తెలుసుకోండి. మెకానిక్‌లు వాడే అన్‌లాక్ టూల్, కైమెరా లాంటివి డబ్బు కట్టి లైసెన్స్ తీసుకునేవి. ఫోన్‌ని కేబుల్‌తో కంప్యూటర్‌కి కలిపి, ఆండ్రాయిడ్ ఆన్ అవకముందే చిప్‌తో నేరుగా మాట్లాడే మోడ్‌లో (మీడియాటెక్ చిప్ అయితే బ్రోమ్, క్వాల్‌కామ్ అయితే ఈడీఎల్ అంటారు) పెట్టి, తాళం వివరాలు దాచుకునే చిన్న భాగాన్ని తుడిచేస్తాయి. మోడల్, సెక్యూరిటీ ప్యాచ్ మారితే పనిచేయకపోవచ్చు, ఆండ్రాయిడ్ 15లో ఈ తాళాన్ని ఇంకా గట్టి చేశారు. తప్పు ఫైల్ ఎక్కితే ఫోన్ మళ్లీ ఆన్ కాదు. ఇక యూట్యూబ్ వీడియో కింద ఫ్రీగా దొరికే క్రాక్ టూల్స్ జోలికి అస్సలు వెళ్లకండి. యాంటీవైరస్ ఆపేసి ఇన్‌స్టాల్ చేయమంటే, బ్యాంకు పనులు చేసుకునే కంప్యూటర్‌ని ఎవడి చేతిలోనో పెట్టినట్టే.

అకౌంట్ ఎలాగూ దొరకలేదా, బిల్లు, ఐఎంఈఐ (ప్రతి ఫోన్‌కీ విడిగా ఉండే గుర్తింపు నంబరు) ఉన్న డబ్బా, ఆధార్ పట్టుకుని ఆ కంపెనీ సర్వీస్ సెంటర్‌కే వెళ్లండి. ఐఫోన్ అయినా అంతే, కొన్న బిల్లు చూపించి ఆపిల్ సపోర్ట్‌ని అడగాలి.

సెకండ్ హ్యాండ్ ఫోన్‌లో ఈ తాళం కనిపిస్తే అమ్మినవాణ్నే పిలిపించి తీయించండి. వాడు తప్పించుకుంటుంటే ఆ ఫోన్ దొంగిలించిందేమో చూసుకోవాలి. డబ్బా మీదున్న 15 అంకెల ఐఎంఈఐ తీసుకుని, KYM అని ఇంగ్లీషులో కొట్టి, ఖాళీ వదిలి ఆ నంబరు రాసి 14422కి మెసేజ్ పెట్టండి. బ్లాక్ అయిందని వస్తే ఎవరెంత తక్కువకి చేస్తామన్నా దాన్ని అన్‌లాక్ చేయించకండి, స్టేషన్‌లో ఇచ్చేయండి. ఐఎంఈఐ మార్చేస్తామనే షాపు ఎదురైతే అక్కణ్నుంచి వచ్చేయండి, 2023 టెలికం చట్టం ప్రకారం దానికి మూడేళ్ల దాకా జైలు గానీ, 50 లక్షల దాకా జరిమానా గానీ, రెండూ గానీ పడొచ్చు.