మాటలు లేని సీన్ ఎలా తీయాలి?

మాటలు లేని సీన్ అంటే డైలాగ్ రాయక్కర్లేదని చాలామంది అనుకుంటారు. అసలు ముందుగా రాయాల్సింది డైలాగే.

తండ్రి పోయాక అన్నాచెల్లెళ్లు ఆయన వస్తువులు సర్దుతున్నారనుకుందాం. ఆయన చేతి గడియారం ఇద్దరికీ కావాలి. "నువ్వే తీసుకో", "వద్దన్నయ్యా, నీ దగ్గరే ఉండనీ" అని సీన్ పేపర్ మీద మొత్తం రాసేయండి.

ఆ తర్వాత ఒక్కో మాటా కొట్టేసి, దాని బదులు ఒక పని రాయండి. అన్న గడియారాన్ని చెల్లెలి వైపు జరుపుతాడు. ఆమె దానికి కీ ఇచ్చి, మళ్లీ అతని ముందే పెడుతుంది. బదులుగా ఏ పనీ దొరకని మాట ఉంటే ఉంచేయండి. బలవంతంగా తీసేస్తే పాత్రలు మూగనోము పట్టినట్టుంటాయి.

నటులకు "బాధ చూపించు" అని చెప్పకండి. "గడియారం నడుస్తోందో లేదో చూడు" అంటే చాలు. మిగతాది షాట్ల వరసే చెప్తుంది. దాదాపు వందేళ్ల కిందట సోవియట్ దర్శకుడు లెవ్ కులెషోవ్ ఒక నటుడి ముఖం షాట్‌ను ఒకసారి సూప్ గిన్నె షాట్ పక్కన, ఇంకోసారి శవపేటిక షాట్ పక్కన అతికించాడు. ముఖం మారలేదు. అయినా చూసినవాళ్లకు ఒకచోట ఆకలి, మరోచోట దుఃఖం కనిపించాయని చెప్తారు. అందుకే గడియారం క్లోజప్, చేతుల క్లోజప్ తప్పకుండా తీసుకోండి.

ఇక అందరూ మర్చిపోయే పని: నిశ్శబ్దాన్ని రికార్డ్ చేయడం. సౌండ్ మొత్తం తీసేస్తే స్పీకర్ పోయిందనుకుంటారు. ఏ గదికైనా తనదైన సద్దు ఉంటుంది. షూటింగ్ అయ్యాక అందరినీ కదలకుండా ఉండమని, అదే మైకుతో 30 నుంచి 60 సెకన్లు రికార్డ్ చేయండి. దీన్నే రూమ్ టోన్ అంటారు. ఎడిటింగ్‌లో దాన్ని సీన్ అడుగున పరిచి, పైన గడియారం టిక్ టిక్, కుర్చీ కిర్రుమనడం పెట్టండి. అంత చిన్న చప్పుడు వినబడినప్పుడే గది ఎంత నిశ్శబ్దంగా ఉందో తెలుస్తుంది. దీని ముందు సీన్ సందడిగా ఉంటే మరీ మంచిది.

చెల్లెలి చెయ్యి గడియారాన్ని వదిలాక వెంటనే కట్ చేయకండి. ఆ నాలుగైదు సెకన్లు ఎడిటింగ్‌లో చాలా పొడుగ్గా అనిపిస్తాయి. టెన్షన్ వచ్చి, అక్కడ వయొలిన్ పెడదామనిపిస్తుంది. దయచేసి పెట్టకండి. మర్నాడు మళ్లీ చూడండి.

చివరగా, కథ తెలియని ఒకరికి చూపించి ఏం జరిగిందో చెప్పమనండి. "ఇద్దరికీ కావాలి, కానీ ఎవరూ తీసుకోవట్లేదు" అంటే సీన్ కుదిరినట్టే. అర్థం కాలేదంటే, డైలాగ్ చేర్చే ముందు, ఆ గడియారాన్ని అన్న చూసే షాట్ ఉందో లేదో చూసుకోండి.